పిచ్చుకలు తిన్న తర్వాతే

చిన్నాయన పోయి పదకొండు రోజులైన తర్వాత నంద్యాలలో ఆయన ఇంటి అటక మీద నుంచి పాత ట్రంకు పెట్టె దించారు. పొలం కాగితాలు ఉంటాయని ఆయన కొడుకులు ఆశపడ్డారు, వెండి గ్లాసులు ఉంటాయని కోడళ్ళు ఆశపడ్డారు, పాత ఫొటో ఒక్కటైనా దొరక్కపోతుందా అని నేను వంగి చూశాను. పెట్టెలో ఉన్నవి రెండు ఖద్దరు చొక్కాలు, ఒక సైకిల్ బెల్లు, నల్ల అట్ట వేసిన నోటు పుస్తకం. అట్ట మీద తెల్ల కాగితం అంటించి, గుండ్రటి అక్షరాలతో "ఉడతల నివారణోపాయములు" అని రాసి ఉంది. లోపలంతా బొమ్మలు. రేకు గొడుగులు, రాతి స్తంభాలు, బాణం గుర్తులు, మధ్య మధ్యలో మీసాలున్న ఉడతలు. పెద్దవాడు దాన్ని అటూ ఇటూ తిరగేసి, "అక్కా, నువ్వు ఏందేందో రాస్తాంటావ్ గదా, ఇది నువ్వే తీసుకో" అని నా చేతిలో పెట్టాడు. పొలం వాళ్ళకు, ఉడతలు నాకు. పంపకంలో ఎవరికీ పేచీ రాలేదు.

ఆ పుస్తకానికి కలరా ఉండల వాసన. నాలుగు పేజీలు తిప్పేసరికి ఆ వాసన పోయి, ఆళ్ళగడ్డలో మా పాత ఇంటి వాసన ముక్కుకు తగలడం మొదలైంది. మట్టి మిద్దె, ముందు పొడుగాటి వసారా, వసారాకు నాలుగు వేపకొయ్య స్తంభాలు. ఒక మూల ఎద్దుల్ని కట్టేసే గాటిపాడి, ఇంకో మూల జామచెట్టు. పొద్దున లేస్తే పేడనీళ్ళు చల్లిన నేల వాసన, పొయ్యి మీద జొన్నరొట్టె కాలే వాసన, వసారాలో కూర్చున్న జేజి నమిలే వక్కాకు వాసన. జేజి అంటే మా నాయన వాళ్ళ అమ్మ. పళ్ళు సగం ఊడిపోయినా వక్క రోట్లో దంచుకుని మరీ నమిలేది. ఆమె ఇంటికి పెద్ద. నాయన సేద్యానికి పెద్ద. చిన్నాయన, అంటే నాయన తమ్ముడు, ఆలోచనలకు పెద్ద.

ఆయన నంద్యాలలో చదువుకున్నాడు. ఒకే పరీక్షను మూడుసార్లు రాసి, మూడుసార్లూ అది తన తెలివికి తగ్గది కాదని తేల్చుకుని ఇంటికొచ్చాడు. వచ్చేటప్పుడు ఒక సైకిలు, ఒక టార్చిలైటు, "పద్ధతి" అనే మాట తెచ్చుకున్నాడు. ఎద్దుకు నీళ్ళు పెట్టడానికీ పద్ధతి ఉండేది, చెప్పులు విడవడానికీ పద్ధతి ఉండేది. అప్పుడు కర్నూలు రాజధాని. మా జిల్లాలో తెల్లచొక్కా తొడుక్కున్న ప్రతివాడూ తాను మంత్రిపదవికి ఒక బస్సు దూరంలోనే ఉన్నానని అనుకునే రోజులవి. చిన్నాయన కూడా ప్రభుత్వం దృష్టిలో పడే పని ఏదైనా చెయ్యాలని ఎదురు చూస్తున్నాడు. ఉడతలు వచ్చి ఆ కొరత తీర్చాయి.

మా వసారా దూలానికి జొన్నకంకులు, కొర్రకంకులు కలిపి జడలాగా అల్లిన కుచ్చు ఒకటి వేలాడుతుండేది. పిచ్చుకల కోసం. అప్పట్లో చాలా ఇళ్ళలో ఉండేదే. మా ఇంట్లో మాత్రం దానికో చరిత్ర ఉంది. ఎప్పుడో ఒక కరువులో ఊళ్ళో గింజ లేక పిచ్చుకలు కూడా ఊరు విడిచిపోయాయట. మళ్ళీ వానలు పడి కొర్ర పండిన ఏడాది మొదటి పిచ్చుక వచ్చి మా వసారాలో వాలగానే జేజి దానికి దండం పెట్టి, ఇకమీదట మీరు తిన్నాకే నేను తింటాను తల్లీ అని మొక్కుకుందట. మొక్కు జేజిది, దాంతో ఎవరికీ ఇబ్బంది ఉండకూడదు. కానీ మా ఇంట్లో అత్త తినకముందు కోడలు ముద్ద ముట్టకూడదు. అది ఎవరూ మొక్కుకున్నది కాదు, కాబట్టి దాన్ని తీర్చేసుకోవడం కూడా ఎవరి చేతిలోనూ లేదు. మగవాళ్ళు సేద్యానికి పోవాలి గనక వాళ్ళ ఆకలికి మినహాయింపు ఉండేది. పిల్లలకు ఏడుపు వస్తుంది గనక మాకూ ఉండేది. ఎద్దులు మూగజీవాలు గనక వాటికి అందరికంటే ముందే పడేది. చివరకు మిగిలేది పిచ్చుకలు, జేజి, కోడళ్ళు. వరస కూడా అదే.

పిచ్చుకలు తిన్నాయని సాక్ష్యం చెప్పే ఉద్యోగం నాది. నాకప్పుడు తొమ్మిదేళ్ళో పదేళ్ళో. ముఖం కడుక్కుని వసారా అరుగు మీద కూర్చుని, పిచ్చుకలు కుచ్చు మీద వాలి గింజలు కొరకగానే "తిన్యాయి జేజీ!" అని కేకేసేదాన్ని. ఆ కేకతో ఇంట్లో సద్దిసంగటి మీద మూత లేచేది. పిచ్చుకలు మర్యాదగల జీవాలు. పొద్దెక్కకముందే వచ్చి తినిపోయేవి. అందుకే చాలా ఏళ్ళు ఆ మొక్కు వల్ల ఒకరు ఆకలితో ఉన్నారన్న సంగతే ఎవరికీ తట్టలేదు.

చిన్నాయన పెళ్ళాంగా చిన్నమ్మ మా ఇంటికి వచ్చిన ఏడాదే ఉడతలూ వచ్చాయి. ఆమె పుట్టినూరు బండి ఆత్మకూరు. పొడుగ్గా, చామనఛాయగా ఉండేది. నవ్వితే రెండిళ్ళ అవతలికి వినపడేది. పుట్టింట్లో తెల్లారగానే మజ్జిగలో పిసికిన సంగటి తాగి పొలానికి పోయిన మనిషి. జామచెట్టులో కాపురం పెట్టిన ఉడతలకు కూడా తెల్లారగానే ఆకలయ్యేది. అవి దూలం మీదుగా వచ్చి, తాడు పట్టుకుని తలకిందులుగా దిగి, కుచ్చులో దర్జాగా కూర్చుని కంకి చివరి నుంచి మొదటిదాకా వలుచుకు తినేవి. తినేది ఒక వంతు, కింద పారేసేది మూడు వంతులు. ఆ కిచకిచకు పిచ్చుకలు పక్కకైనా వచ్చేవి కావు. మిద్దె అంచున వరసగా కూర్చుని చూసేవి. లోపల జేజి నా కేక కోసం చూసేది. వంటింటి గడప దగ్గర నిలబడి చిన్నమ్మ చూసేది. పొద్దు మాత్రం ఎవరి కోసం ఆగకుండా ఎక్కేది.

ఇంకో ఇంట్లోనైతే ఒక రాయి విసిరితే సరిపోయేది. మా ఇంట్లో కుదరదు. ఉడత వీపు మీద ఉన్న గీతలు రాములవారి వేళ్ళవి. "ఆయన నిమిరిన వీపు మీద నువ్వు రాయి ఏస్తావా? నీ చెయ్యి ఆయన చెయ్యికంటే గొప్పదా?" అని జేజి ఒక్కమాట అనేసరికి నాయన ఎత్తిన రాయి కిందపడేసి పొలానికి పోయాడు. సమస్య చిన్నాయన చేతికి వచ్చింది. ఆయన నల్ల అట్ట పుస్తకం కొని మొదటి పేజీలో ఉడత బొమ్మ వేశాడు.

మొదటి ఉపాయం ఆముదం. తాడుకు ఆముదం పూస్తే ఉడత కాళ్ళు జారతాయి, జారితే సిగ్గుపడి రాదు. పూశాడు. ఉడత జారలేదు. తాడు ముడి జారింది. కుచ్చంతా వచ్చి, కింద కూర్చుని గడ్డం గీయించుకుంటున్న నాయన నెత్తిన పడింది. నాయన నెత్తి మీది కంకులు తీసి తమ్ముడి చేతిలో పెట్టి, "నీ పద్ధతి బాగుండాదిరా" అని తుండుగుడ్డతో ముఖం తుడుచుకున్నాడు. రెండోది రేకు గొడుగు. కిరసనాయిలు డబ్బా కత్తిరించి, గుండ్రంగా వంచి, తాడుకు మధ్యలో తొడిగాడు. ఉడత పైనుంచి దిగితే రేకు వాలిపోయి అది కింద పడుతుందని లెక్క. మొదటి రోజు అలాగే పడింది. చిన్నాయన ఊరంతా చెప్పుకొచ్చాడు. రెండో రోజు అది స్తంభం మీద నుంచి నేరుగా కుచ్చు మీదికి దూకింది. ఆ తర్వాత గాలి వీస్తే చాలు, రేకు గలగలలాడేది. ఆ మోతకు పిచ్చుకలు బెదిరి పోయేవి. ఉడతలు మాత్రం వాన పడ్డ రోజు ఆ గొడుగు కిందే కూర్చుని తిన్నాయి.

మూడోది కారం. ఇది మాత్రం ఆయన తెలివికి నిజంగా ఒప్పుకోవలసిన సంగతి. చిలకలు పచ్చిమిరపకాయలు తింటాయి. చిలక పక్షి. పిచ్చుకా పక్షే. కనక పిచ్చుకకు కారం తగలదు. మిరపతోటలో ఉడతను ఎవరూ చూడలేదు. కనక ఉడతకు కారం తగులుతుంది. "చూడన్నా, ఇదీ ఆలోచన అంటే" అని కంకులన్నిటికీ మిరపపొడి దట్టంగా పట్టించాడు. నమ్మండి, పని చేసింది. ఉడతలు మూతులు తుడుచుకుని పారిపోయాయి, పిచ్చుకలు వచ్చి ఏమీ పట్టనట్టు తిన్నాయి. మూడు రోజులు చిన్నమ్మ వేళకు తినింది. నాలుగో రోజు అహోబిలం నుంచి స్వామి వచ్చాడు. మా ఇంటికి మంచీచెడూ చెప్పే వైష్ణవ పండితుడు ఆయన, ఏ పెళ్ళికైనా చావుకైనా ముహూర్తం పెట్టేది ఆయనే. వసారాలో కుచ్చు కింద పీట వేసి కూర్చోబెట్టాం. శ్లోకం ఎత్తుకోగానే గాలి వీచింది. ఆయన ఆ శ్లోకాన్ని పదిహేడు తుమ్ములతో పూర్తి చేశాడు. కళ్ళ నుంచి నీళ్ళు కారుతుంటే ఆయన్ని నూతి దగ్గరికి నడిపించుకు పోయాం. జేజికి తల తీసేసినట్టయింది. "పిచికలకు కారం పెట్టే కొంపైపాయనే మాది! కడుగు, ఆ కంకులు కడుగు" అని కోడళ్ళ చేత కుచ్చంతా కడిగించింది. కడిగిన గింజలకు మర్నాడే ఉడతలు వచ్చాయి.

అప్పటికి చిన్నమ్మకు నాలుగో నెల. తెల్లారి వాంతులు, ఆ తర్వాత కళ్ళు తిరిగే ఆకలి. ఒక రోజు నన్ను గాదె వెనక్కి పిలిచి, "పాపా, నీకు పుణ్యముంటాది, ఈ పొద్దు తిన్యాయని చెప్పు. నాకు కాళ్ళు వణకతాండాయి" అంది. నేను అరుగు ఎక్కి, కుచ్చు మీద ఉడత తోక ఊపుతుండగానే "తిన్యాయి జేజీ!" అని కేకేశాను. జేజి లోపలి నుంచి నిదానంగా వచ్చింది. "యాడ కూచున్యాయి?" "కుచ్చు మింద." "ముందు యాది వచ్చింది, గొంతు నల్లగుండేదా, లేనిదా?" పిచ్చుకల్లో మగదాని గొంతు కింద నల్లమచ్చ ఉంటుంది. నాకు ఆ తేడా తెలుసు. అయినా భయంతో "రెండూ నల్లగుండ్యా" అన్నాను. జేజి నన్ను కొట్టలేదు. "అబద్ధం చెప్పి ముసిల్దాని మొక్కు చెడగొడతావా?" అని మాత్రం అంది. ఆ రోజు నుంచి తన మంచం వసారాలోకే మార్పించుకుని సాక్ష్యం తానే చూసుకుంది. నా ఉద్యోగం పోయింది. చిన్నమ్మకు ఉన్న ఒక్క దారీ నా చేతగానితనం వల్లే మూసుకుపోయిందని చాలా రోజులు ఆమె ముఖం చూడలేకపోయాను.

జేజి రాక్షసి అని మీరు అనుకోవద్దు. "నా మొక్కు నాది. దాన్ని తినొద్దని నేనంటినా?" అని ఆమె ఎప్పుడూ అనేది. నిజమే, అనలేదు. చిన్నమ్మ ఒకసారి పొయ్యి దగ్గర నిలబడి రొట్టె ముక్క నోట్లో వేసుకుంటే, మూడు రోజులు ఆమెతో మాట్లాడలేదు, అంతే. ఆ మూడు రోజులూ దారిన పోయే ప్రతివాళ్ళతో మాట్లాడింది. "మా చిన్న కోడలికి ఆకలి జాస్తిప్పా" అని నవ్వుతూ చెప్పింది. బండి ఆత్మకూరు దాకా పోయింది ఆ నవ్వు. చిన్నమ్మ మళ్ళీ పొయ్యి దగ్గర నోరు కదిలించలేదు.

చిన్నాయన ఓటమికి లొంగే మనిషి కాదు. పుస్తకంలో పెద్ద పెద్ద అక్షరాలతో "శాశ్వత పరిష్కారము" అని రాసి, కింద రెండు గీతలు గీశాడు. బేతంచెర్ల బండ. ఇంట్లో నేలకు పరిచే నాపరాయి, నున్నగా ఉంటుంది, ఉడత గోరు దిగదు. అలాంటిది రెండు నిలువుల పొడుగుది ఒకటి లారీ మీద నంద్యాలకు, నంద్యాల నుంచి ఎద్దుల బండి మీద ఆళ్ళగడ్డకు వచ్చింది. దాన్ని పెరటికి నట్టనడుమ, చెట్టుకూ మిద్దెకూ అందనంత దూరంలో, సమాధిరాయి లాగా పాతించాడు. పైన పాత బండి చక్రం బిగించి, చక్రానికి కుచ్చు కట్టాడు. వసారాలోది తీసేశాడు. ఊళ్ళోవాళ్ళు చూడ్డానికి వచ్చారు. దీని నమూనా కర్నూలుకు పంపిస్తానని, ప్రతి ఊరికీ ఒకటి పాతించమని రాస్తానని ఆయన వాళ్ళకు చెప్పాడు. పంపించాడో లేదో తెలియదు. ఆ మధ్యే రాజధాని హైదరాబాదుకు వెళ్ళిపోయింది.

బండ మీదికి ఒక్క ఉడతా ఎక్కలేకపోయింది. చిన్నాయన జీవితంలో పూర్తిగా నెగ్గిన పని అదొక్కటే. పిచ్చుకలు కూడా రాలేదు. వసారా చూరు కింద తిరిగే పిట్టలు, నడిపెరట్లో నిలువెత్తు రాయి మీద, పైన డేగ తిరుగుతుండగా కూర్చుని ఎందుకు తింటాయి? ఈ ప్రశ్న పుస్తకంలో ఎక్కడా లేదు. నేను మొదటి నుంచి చివరిదాకా చదివాను. ఉడత బరువు ఉంది, ఎంత దూరం దూకుతుందో ఉంది, దాని కళ్ళు ఏ వైపుకు తిరుగుతాయో ఉంది. ఆకలితో ఉన్న పెళ్ళాం గురించి ఒక్క అక్షరం లేదు. ఆయన చెడ్డవాడు కాదు. నంద్యాల పోయినప్పుడల్లా ఆమెకు మల్లెపూలు తెచ్చేవాడు. ఆమె ఆకలి ఆయన కళ్ళ ముందు రోజూ గడపలో నిలబడేది, కానీ అది ఉడత కాదు గనక ఆయనకు కనబడలేదు.

మిట్ట మధ్యాహ్నం దాకా జేజి బండ వైపు చూస్తూ కూర్చునేది. ఎప్పుడో ఒంటరి పిచ్చుక ఒకటి దారి తప్పి వాలితే సంగటి మూత లేచేది. అలా పదిరోజులు. పదకొండో రోజు చిన్నమ్మ రోట్లో బుడ్డలు, అంటే వేరుశనగపప్పు, దంచుతూ రోకలి పట్టుకునే పక్కకు ఒరిగిపోయింది. తల నేలకు తగిలి నెత్తురొచ్చింది. జేజి దిష్టి అంది. నాయన ఎండ అన్నాడు. చిన్నాయన చెప్పులు కూడా తొడుక్కోకుండా పరిగెత్తి నంద్యాల బస్సు ఆపాడు.

ఆసుపత్రికి తోడు నేనూ పోయాను. లేడీ డాక్టరు గుంటూరు వైపు మనిషి. నాడి చూసింది, కళ్ళ రెప్పలు విప్పి చూసింది, కడుపు మీద గొట్టం పెట్టి చాలాసేపు విన్నది. "ఏమ్మా, పొద్దున ఏం తింటావు?"

"సద్దిసంగటి."

"ఎన్ని గంటలకు?"

"పిచికలు తిన్నాక."

డాక్టరమ్మ కలం కింద పెట్టింది. "పిచ్చుకలు ఎప్పుడు తింటాయి?"

"ఉడతలు పోయినాక. ఇప్పుడు ఉడతలు పోయినాయి, అయినా పిచికలు రాలా" అని చిన్నమ్మ గోడ వైపు తిరిగింది. ఆమె ఏడవడం నేను చూడ్డం అదే మొదలు. చిన్నాయన ముందుకొచ్చి, "ఇందులో ఒక పద్ధతి ఉందండీ" అని బండ సంగతి మొదలుపెట్టాడు. డాక్టరమ్మ కాసేపు విని, "మీరు బయట కూర్చోండి" అంది. తర్వాత ఆయన్ని పిలిచి, ఈమెకు జబ్బేమీ లేదు, ఉన్నది ఆకలే, ఇలాగే సాగితే బిడ్డ దక్కదు అని చెప్పి చీటీ రాసిచ్చింది. మందు పేరు రాయాల్సిన చోట "పొద్దున్నే అన్నం" అని ఉంది. చిన్నాయన దాన్ని మడిచి జేబులో పెట్టుకుని, బస్సులో కిటికీ వైపు చూస్తూ, "ఇంత చదివి ఇదేనా రాసేది" అన్నాడు. ఆళ్ళగడ్డ దాకా ఆ జేబు మీద నుంచి చెయ్యి మాత్రం తియ్యలేదు.

ఆ సాయంత్రం వసారాలో పంచాయితీ పెట్టారు. ఆకలైన మనిషికి అన్నం ఎలా పెట్టాలి అన్నది సమస్య. నాయన, చిన్నాయన, జేజి, అహోబిలం నుంచి మళ్ళీ పిలిపించిన స్వామి. ఈసారి స్వామి పీటను దూలానికి దూరంగా వేయించుకున్నాడు. చిన్నమ్మ లోపల పడుకుని ఉంది, ఆమెను అడగాలని ఎవరికీ తోచలేదు. మొక్కు మానరాదు. కోడలు అత్తకంటే ముందు తినరాదు. ఉడతను కొట్టరాదు. పిచ్చుకను బలవంతం చెయ్యరాదు. స్వామి కళ్ళు మూసుకుని, వేళ్ళు లెక్కపెట్టి, చాలాసేపటికి తీర్పు చెప్పాడు. "అమ్మా, తమరు మొక్కుకున్నది పక్షులకు. ఉడత కొమ్మ మీది నుంచి కొమ్మ మీదికి ఎగురుతుంది. ఎగిరేది పక్షి. అందులోనూ రామకైంకర్యం చేసిన జీవం. కనుక ఈ మొక్కు మట్టుకు ఉడత పక్షియే. అది తిన్నా పిచ్చుక తిన్నట్టే." అందరూ ఊపిరి పీల్చుకున్నారు. జేజి చెంపలు వేసుకుంది. కోడలు ముందు తింటే పోయేదానికి, ఉడతకు రెక్కలు మొలిపించి పరిష్కారం చేశారు మా పెద్దలు.

ఇక్కడ ఇప్పటి సంగతి ఒకటి చెప్పి మళ్ళీ ఆ వసారాలోకి వస్తాను. ఇప్పుడు నేనుండే అపార్టుమెంటులో పిచ్చుకలు లేవు, పిచ్చుకల మీద ప్రేమ మాత్రం ప్రతి బాల్కనీకి వేలాడుతోంది. ప్లాస్టిక్ డబ్బాలు, వాటికి ఉడతలెక్కకుండా జారుడు గొట్టాలు. చిన్నాయన బతికుంటే ఒక్కొక్కటీ చూసి తన పుస్తకంలోంచే దొంగిలించారని కేసు వేసేవాడు. మూడో అంతస్తులో ఉద్యోగం చేసే అమ్మాయి ఒకామె ఉంది. పొద్దున్నే మొగుడికి ఒక డబ్బా, పిల్లలకు రెండు డబ్బాలు, బాల్కనీలో పిట్టలకు గింజలు సర్ది, తాను లిఫ్టులో జడ వేసుకుంటూ దిగుతుంది. తిన్నావా అంటే ఆఫీసులో తింటానంటుంది. ఆమెకు అత్త లేదు, మొక్కు లేదు, కంకుల కుచ్చు లేదు, వద్దనేవాళ్ళు ఎవరూ లేరు. మా కాలం కంటే ఈ కాలం ఎంతో నయం, ఆ మాట నేను ఒట్టేసి చెబుతాను. కాకపోతే అప్పుడు కోడలు ఎందుకు తినలేదో ఊరందరికీ తెలిసేది. ఇప్పుడు ఆమెకే తెలియదు.

తీర్పు వచ్చిన మర్నాడు తెల్లారేసరికి కుచ్చు మళ్ళీ వసారాకు వచ్చింది. ఉడతల కోసం అందరం కూర్చున్నాం. రాలేదు. ఆముదంతో, రేకులతో, కారంతో ఇన్ని నెలలు తరిమినవి, పక్షి హోదా ఇచ్చామని కబురు పెడితే వస్తాయా? చిన్నాయన జామచెట్టు కింద గొంతుక్కూర్చుని, జామపండు ముక్కలు చేసి చూపిస్తూ "రా, రా, ఏమీ చెయ్యంలే రా" అని బతిమాలుతున్నాడు. నాయన ఎద్దుల్ని కూడా కట్టకుండా చేతులు కట్టుకుని నిలబడ్డాడు. స్వామి దూరంగా తులసిమాల తిప్పుతున్నాడు. జేజి మంచం మీద కూర్చుని చెట్టు వైపే చూస్తోంది. ఎండ వసారా రెండో స్తంభం దాకా వచ్చింది.

అప్పుడు చిన్నమ్మ లోపలి నుంచి వచ్చింది. తలకు కట్టు, చేతిలో కంచుపళ్ళెం. పళ్ళెంలో సంగటి ముద్ద, పక్కన ఊరుబిండి పచ్చడి. గడప దాటి, మగవాళ్ళందరి ముందూ, మూడో స్తంభానికి ఆనుకుని కూర్చుని, కాళ్ళు చాపుకుని, ముద్ద విరిచి నోట్లో పెట్టుకుంది.

చిన్నాయన జామపండు చేతిలో పట్టుకునే లేచాడు. "ఏందే నువ్వు చేస్తాండే పని?"

"తింటాండా."

"అమ్మ ఇంకా తినలేదే!"

"తినొద్దని నేనంటినా?" అని ఇంకో ముద్ద విరిచింది చిన్నమ్మ.

స్వామి మాల ఆగిపోయింది. నాయన పక్కకు తిరిగి దగ్గాడు. ఇప్పుడు జేజి నోరు తెరుస్తుంది, చిన్నమ్మను ఈ రోజే బండి ఆత్మకూరు బస్సు ఎక్కిస్తారు అనుకున్నాను. జేజి ఆమె చెయ్యి పళ్ళెంలోంచి నోటికి పోవడం, నోట్లోంచి పళ్ళేనికి రావడం చాలాసేపు చూసింది. ఉడతలూ లేవు, పిచ్చుకలూ లేవు, కుచ్చు ఊరికే ఊగుతోంది. జేజి మోకాళ్ళు పట్టుకుని మంచం దిగింది. నిదానంగా నడిచి వచ్చి, చిన్నమ్మ పక్కనే కూలబడింది.

"నాకూ ఇంత పెట్టు" అంది.

చిన్నమ్మ నములుతున్న నోరు ఆపేసింది. తన పళ్ళెంలోంచే సగం ముద్ద విరిచి జేజి చేతిలో పెట్టింది. జేజి దాన్ని ఊరుబిండిలో అద్దుకుని, పళ్ళున్న పక్కకు తోసుకుని, మింగింది. చెట్టు కింద నిలబడ్డ చిన్నాయన వైపు చూసింది.

"వాడు కడుపులో ఉన్నెప్పుడు నేను గూడా ఇట్ల కూచుని తినింటే, వానికి ఇంత బుద్ధన్నా వచ్చిండేది" అంది.

చిన్నమ్మ నవ్వింది. రెండిళ్ళ అవతలికి వినపడే ఆ నవ్వు చాలా నెలల తర్వాత విన్నాను. ఆ నవ్వు వినే కాబోలు, వంటింట్లోంచి మా అమ్మ తొంగి చూసింది. జేజి నోట్లో ముద్ద చూసింది. లోపలికి పోయి, ఒక పళ్ళెం తెచ్చుకుని, చిన్నమ్మకు ఇటు పక్కన కూర్చుంది. తల వంచుకుని, గబగబా, ఎవరైనా లాక్కుంటారేమో అన్నట్టు తినింది. నేను పుట్టకముందు నుంచీ ఆమె ఆ ఇంటి కోడలు. చిన్నమ్మ ఆకలి కోసం అబద్ధమాడిన నేను, రోజూ తెల్లారి నాకు పళ్ళెం పెట్టి ఎదురుగా కూర్చునే అమ్మను, నువ్వు తిన్నావా అని అంతవరకు ఒక్కసారి కూడా అడగలేదు.